దొరసాని పాలు

రావడం లేదు. బొటనవేలు, చూపుడువేలు చన్ను మొదట్లో కలిపి సంచి మూతి బిగించినట్టు బిగించాలి, మిగిలిన వేళ్ళు ఒకటొకటిగా మడుచుకుంటూ కిందికి రావాలి, లాగకూడదు, లాగితే నొప్పి, నొప్పి పుట్టిన మేక తన్నుతుంది. ఇది మా అమ్మ నేర్పిన పద్ధతి. నేను లాగడం లేదు, చేతులు పొయ్యి దగ్గర కాచుకునే వచ్చాను, గోళ్ళు మొన్ననే తీసేసుకున్నాను, అయినా చన్ను నా పిడికిట్లో ఉత్త తోలుతిత్తిలా నలుగుతోంది తప్ప ముంతలో చుక్క పడటం లేదు. పొదుగు నిండుగానే ఉంది. కింద అరచెయ్యి పెట్టి ఎత్తితే బరువు తెలుస్తోంది. పాలు ఉన్నాయి, ఉండి రావడం లేదు. దొరసాని తలెత్తి దడి వైపు, దారి వైపు చూస్తూ నిలబడింది. తన పొట్టకు తల ఆనించి కూర్చున్నది మనిషి కాదు, ఏదో బండరాయి అన్నట్టు నిలబడింది.

ఊళ్ళో ఎవరూ లేరు. మసకగా ఉండగానే అందరూ ఇప్పపువ్వు ఏరుకోవడానికి పోయారు. ఈ నెలంతా మరాయిగూడెంలో ఇంతే, తెల్లవారుతూ పువ్వు రాలుతుంది, ఎండెక్కేలోపు ఏరుకోవాలి, ఆలస్యమైతే ఎలుగులు తినిపోతాయి, మిగిలింది చీమలు పట్టేస్తాయి. గాలి కూడా తియ్యగా, కొంచెం పులిసినట్టు ఉంది. ఎక్కడో చెట్ల కింద ఆకులు కాల్చిన పొగ. మా అత్త భద్రమ్మ కూడా బుట్ట పట్టుకుని పోయింది. పోతూ వాకిట్లో ఆగి, కొంగు నడుముకు చుట్టుకుంటూ, మేకను కాదు నన్ను కాదు నేలను చూస్తూ చెప్పింది.

“నేనొచ్చేసరికి ఇచ్చిందా, సరే. లేకుంటే ఎండ ముదరకముందే పిల్లనెత్తుకొని కిష్టారం పోత. బుల్లమ్మ ఇద్దరికీ ఇస్తది.”

బుల్లమ్మ ఆమె కూతురు, నా ఆడబిడ్డ. చంకలో నాలుగు నెలల కొడుకు, రవిక ఎప్పుడూ తడిసి ఉండే పాలమనిషి. పిల్లను బాగానే చూసుకుంటుంది, అందులో నాకు అనుమానం లేదు. అత్త కోపంగా అన్నా బాగుండేది. కోపమైతే సాయంత్రానికి చల్లారుతుంది. ఆమె ఆలోచించి అన్నది. కిష్టారం పోయిన పిల్ల పాలు మానేదాకా అక్కడే ఉంటుంది, ఏడాదో ఏడాదిన్నరో, అప్పటికి బుల్లమ్మనే అమ్మా అంటుంది, నన్ను చూసి బుల్లమ్మ కొంగు చాటుకు పోతుంది. అప్పుడు ఈ ఇంట్లో నేనూ అత్తా మిగులుతాం, ఎదురెదురుగా కూర్చుని అన్నం తింటాం, ఒకరి పళ్ళెంలోకి ఒకరం చూసుకోకుండా.

పిల్ల లోపల ఉయ్యాలలో ఉంది. నలభై రెండు రోజుల పిల్ల. ఇరవయ్యో రోజున నాకు చలిజ్వరం పట్టింది, ఎనిమిది రోజులు ఒళ్ళు తెలియలేదు, తెలిసేసరికి నా రొమ్ములు మెత్తబడిపోయాయి. అత్త వెల్లుల్లి ఉడికించి పెట్టింది, మెంతులు నానబెట్టి నమిలించింది, ఎవరేం చెబితే అది తెచ్చింది. రాలేదు. పిల్ల ఇప్పటికీ నా దగ్గరికి వస్తే ముక్కుతో వెతుకుతుంది, దొరకబుచ్చుకుంటుంది, రెండు గుక్కలు పీల్చి, ఆగి, నా మొహంలోకి చూస్తుంది. ఏడవదు, చూస్తుంది. ఆ చూపు నేను ఎవరికీ చెప్పలేదు. గంజి తేట పోస్తున్నాం, పోసింది పోసినట్టే కిందికి పోతోంది, తొడల దగ్గర తోలు ముడతలు పడింది. ఇంక ఎన్నాళ్ళు లెక్కపెట్టగలం. అందుకే అత్త కిష్టారం అన్నది. అత్త తప్పేమీ లేదు.

ఒకసారి పొదుగును కింద నుంచి మెల్లగా పొడిచాను, మేకపిల్ల తలతో పొడిచినట్టు. మేక మనసిచ్చి పాలు కిందికి వదలడాన్ని చేపడం అంటారు. చేపితే చన్నులు ఉబ్బుతాయి, మొదలు నుంచి కొసదాకా బిర్రుగా అవుతాయి, ముట్టుకోగానే తెలుస్తుంది. దొరసాని చేపదు. మొదటి రోజు వెనక కాలితో ముంతను తన్నింది, అంతకుముందు రాలిన నాలుగు చుక్కలూ మట్టిలో కలిసిపోయాయి. రెండో రోజు కాలిని నా మోకాలికీ మోచేతికీ మధ్య ఇరికించి పట్టుకున్నాను, తన్నలేదు, ఇవ్వనూ లేదు. పొదుగులో ఏమన్నా గడ్డ కట్టిందేమోనని వేడినీళ్ళ గుడ్డతో కాపాను, కుడివైపు చిన్న గట్టిదనం ఉంటే ఆముదం రాసి మెల్లగా సవరించాను, అది కరిగింది. తొలి చుక్కలు నల్లరాయి మీద పిండి చూశాను, విరుగుడు లేదు, నెత్తురు చార లేదు, తెల్లగా ఉన్నాయి. ఎదురుగా విస్తరాకు దొప్పలో ఇప్పపూలు పోశాను, ఇప్పపూల కోసం మేకలు ముళ్ళకంప కూడా దూకుతాయి, ఇది వాసన చూసి వదిలేసింది. చీకటి పడకముందే దాని పిల్లను గంప కింద కమ్మి పెడుతున్నాను, రాత్రంతా తాగకపోతే పొద్దుటికి పొదుగు నిండుతుందని. మా పుట్టింట్లో అందరూ చేసేది అదే. గంప ఎత్తి, పిల్లను ఒక గుక్క తాగించి, చేపగానే పిల్లను లాగేసి కూర్చోవాలి. నిన్న అదీ చేశాను. పిల్లను లాగిన మరుక్షణం దొరసాని పాలన్నీ పైకి పీల్చేసుకుంది. చేతిలో ఉబ్బిన చన్ను చేతిలోనే వాడిపోవడం నాకు తెలిసింది.

ఈ మేకను ఆయన తెచ్చాడు. మూడిళ్ళ అవతలి మాసే అవ్వ ఇంటికి కప్పు నేసి పెడితే, ఆమె తొలిచూలుతో ఉన్న మేకను ఇచ్చింది. వాళ్ళు దోర్లవాళ్ళు, ఈ అడవి మనుషులు, భాష కూడా వేరే, మందలు మందలుగా మేకలుంటాయి, ఒక్కదాన్నీ పితకరు. పలుపు పట్టుకుని వస్తుంటే ఇది ఆయన వెనక కాకుండా పక్కన నడిచింది. “నడక చూడు, దొరసాని లెక్క,” అన్నాడు. పేరు అట్లాగే ఉండిపోయింది. అది తొలిసారి ఈనాక సాయంత్రాలు పాలు పిండేది ఆయనే; ఇప్పుడు గంప కింద ఉన్నది రెండో ఈత పిల్ల. నేను అప్పటికి కాపురానికి వచ్చి ఆరు నెలలు, కడుపుతో ఉన్నాను, అత్త ముందు వాకిట్లోకి రావడానికి కూడా సిగ్గు. ద్వారబంధానికి ఆనుకుని చూసేదాన్ని. నాకు కనిపించింది ఆయన వీపు. తలగుడ్డ తీసి భుజాన వేసుకునేవాడు, మెడ కింద ఎండకు కమిలిన గీత ఉండేది, మోచేతులు ఒకటి తర్వాత ఒకటి కదిలేవి, మేక వెనక భాగం, దాని తోక ఆడటం. అంతే. ఆ వీపును నేను ఎంత చూశానంటే ఇప్పుడు మొహం గుర్తు చేసుకోబోతే వీపే వస్తుంది. పాలు నురగతో తెచ్చి ఇచ్చి, తాగేదాకా కదిలేవాడు కాదు. నేను ఊపిరి బిగబట్టి తాగేదాన్ని. “మేక వాసనా? నాకన్నా ఎక్కువున్నదా?” అనేవాడు. అత్త లోపల నుంచి దగ్గేది. నేను నవ్వు ఆపుకోలేక పాలు ముక్కులోకి పోయి, కళ్ళ నీళ్ళతో అట్లాగే నిలబడితే, ముంత తీసుకుంటూ వేళ్ళు తగిలించేవాడు. చిన్నగా. గట్టిగా కాదు.

దసరా పోయాక కుంట ఊరి దగ్గర శబరి ఏట్లో దుంగలు తెప్పలు కట్టారు. ప్రతి ఏడూ కడతారు, బస్తరు రాజుగారి అడవిలో కొట్టిన దుంగలు నీళ్ళ మీదే గోదావరిలోకి, అక్కడి నుంచి రాజమండ్రికి పోతాయి. తెప్ప నడపడానికి ఆయనతో కలిపి ఈ ఊరి నుంచి నలుగురు పోయారు. ముగ్గురు కార్తీకంలో తిరిగొచ్చారు. వాళ్ళలో కేసా వచ్చి వాకిట్లో నిలబడి చెప్పాడు, రాజమండ్రి రేవులో దిగాడు, వేరే పనేదో ఉంది, నాలుగు రోజుల్లో వస్తానన్నాడు అని. ఆ నాలుగు రోజులు ఎప్పుడో అయిపోయాయి. కేసా మళ్ళీ మా ఇంటి ముందు నుంచి పోవడం మానేశాడు, చుట్టూ తిరిగి పోతాడు. అబద్ధం చెప్పినవాడు అట్లా పోతాడు. నిజం చెప్పి దానికి జవాబు లేనివాడు కూడా అట్లాగే పోతాడు. ఏదో నాకు తెలియదు. జ్వరం వచ్చిందో, ఓడెక్కాడో, నీళ్ళు పట్టాయో. నీళ్ళు కాదు. ఈదుతాడు.

నిన్న ఆయన తలగుడ్డ తీశాను. పెట్టెలో మడత విప్పకుండా దాచిన గుడ్డ. పోయేటప్పుడు కొత్తది చుట్టుకుని పాతది దండెం మీద వదిలేశాడు, అత్త ఉతకబోతే నేనే లాక్కున్నాను, ఉతుకుతానని చెప్పి ఉతకలేదు. చెమట, పొగాకు, ఏటి మట్టి. ఎప్పుడూ ఎక్కువసేపు వాసన చూసేదాన్ని కాదు, చూసిన కొద్దీ అయిపోతుందని భయం. మేక మనిషిని వాసనతో గుర్తుపెట్టుకుంటుందని మా అమ్మ చెప్పేది. కనుక ఆ గుడ్డ నా భుజాన వేసుకుని, ఆయన కూర్చున్నట్టు గొంతుక్కూర్చున్నాను. దొరసాని మెడ తిప్పింది. గుడ్డ కొసను ముక్కుతో తడిమింది. నేను ముంత దగ్గరికి జరుపుకున్నాను. తర్వాత ఆ కొసను నోట్లో పెట్టుకుని నమలడం మొదలుపెట్టింది. లాక్కునేసరికి జానెడు తడిసి, చిరిగి, మేకవాసన కొట్టింది. మళ్ళీ దారి వైపు తిరిగి నిలబడింది. నాకు కోపం రాలేదు. నిజం చెప్పాలంటే కొంచెం ఊరట కలిగింది. గుడ్డతో మోసపోలేదు, మనిషే కావాలంటోంది, అనుకున్నాను. పాలు దాచుకుని దారి చూస్తోంది, నాతో పాటు ఇంకొకరున్నారు ఎదురుచూడటానికి, అనుకున్నాను. ఊళ్ళో అందరూ నన్ను జాలిగా చూస్తున్నారు, ఇది మాత్రం నాలాగే ఉంది. ఇట్లా అనుకుంటూ దాని పక్కన చాలాసేపు కూర్చున్నాను, లోపల పిల్ల ఆకలితో ఉందని మరిచిపోయి. అది తలుచుకుంటే ఇప్పుడు సిగ్గుగా ఉంది.

అప్పుడే మాసే అవ్వ వచ్చింది. గంప కింద అరుస్తున్న మేకపిల్లను చూసింది, నన్ను చూసింది. ఆమెకు తెలుగు సగం సగం వస్తుంది. “దాని పాలు దానికి పెట్టు,” అన్నది. “పెడితె ఇస్తది.” మళ్ళీ అన్నది, వేలు చూపించి, పాలు పెట్టు దానికి, అని. పాలు తల్లివి, తల్లి పాలు దాని పిల్లవి, మనుషులు తాగడం తప్పు అని వాళ్ళు అనుకుంటారని నాకు తెలుసు. మేకను ఇచ్చినప్పుడే ఆయన దగ్గర ఏదో మాట తీసుకుందని కూడా విన్నాను. అయితే మాత్రం. నేను ఎవరితోనూ గట్టిగా మాట్లాడే మనిషిని కాను, బడిలో పంతులుగారు సోమమ్మకు నోరు అరువిప్పించాలి అనేవారు. నిన్న ఆ నోరు ఎక్కడి నుంచో వచ్చింది.

“నా బిడ్డకు లేని పాలు మేకపిల్లకు పెట్టాల్నా, అవ్వా?”

మాసే అవ్వ అర్థం కానట్టు నా మొహం చూసింది. చేతిలోని కర్ర నేల మీద ఆనించుకుంటూ వెళ్ళిపోయింది. రోజూ ఇప్పపువ్వుకు పోతూ మా దడి దగ్గర ఆగి పలకరించేది, ఈ పొద్దున పలకరించలేదు.

లోపల పిల్ల లేచింది. మొదట ఆ చిన్న గునుగుడు, తర్వాత ఏడుపు. ఆ ఏడుపు విని గంప కింద మేకపిల్ల కూడా మొదలుపెట్టింది. రెండు గొంతులూ ఒకదాని మీద ఒకటి, ఒకటి ఆగితే ఇంకొకటి. నా ఒళ్ళంతా లోపలి వైపు లాగుతోంది. దొరసాని చెవి మాత్రం ఇంటి వైపు కదలలేదు. రెండు చెవులూ ముందుకు పెట్టి దారి వైపే. కాదు. నేను దాని తల పక్కగా వంగి, అది చూస్తున్న గీతలోనే చూశాను. దారి కంటే ముందు దడి ఉంది. దడి కంటే ముందు గంప ఉంది. గంపను అక్కడ పెట్టింది నేనే, మూడు రోజుల కిందట, నీడ ఉంటుందని. అది చూస్తున్నది గంపను. మూడు రోజులుగా గంపనే చూస్తోంది.

కాసేపు నా చేతులు పొదుగు మీదే ఉండిపోయాయి. ఏమీ ఆలోచించలేదనుకుంటాను. ఆలోచించకుండా ఉన్నప్పుడే చెవిలోకి ఒక చప్పుడు వచ్చింది, ఇప్పటిది కాదు, అప్పటి సాయంత్రాలది. ముంతలో ధార పడే సర్రుమనే చప్పుడు నాకు బాగా తెలుసు, ఎన్నోసార్లు తలుచుకున్నాను. దాని వెనక ఇంకొకటి ఉండేది. చప్, చప్, చప్. తడిగా, తొందరగా, మధ్యలో చిన్న పొడుపు. ద్వారబంధం దగ్గర నుంచి నాకు ఆయన వీపే కనిపించేది, మేకకు అవతలి పక్క ఏముందో ఎప్పుడూ కనిపించలేదు, ఆ చప్పుడు ఏమిటని నేను ఎప్పుడూ అడగలేదు. ఆ వీపు చాలు నాకు. అవతల అప్పటి మేకపిల్ల తాగుతుండేది. ఆయన ఇటు పిండుతుంటే అది అటు తాగుతుండేది, ఇద్దరూ ఒకేసారి. వాగులో చేపలు పట్టి వచ్చినప్పుడు ఆకుల మీద కుప్పలు పోస్తూ, ఇది మాసే అవ్వ పాలు, ఇది మన పాలు, అనేవాడు గదా. నాలుగో తరగతిలో పంతులుగారు బోర్డు మీద ఒక మాటకు రెండు అర్థాలు రాయమన్నప్పుడు నేనే లేచి రాశాను. పాలు, తాగేవి. పాలు, వాటా. ఆ రోజు నన్ను మెచ్చుకున్నారు కూడా. మాసే అవ్వకు సగం తెలుగే వచ్చు, ఆ సగంలో ఆమె సరిగ్గానే చెప్పింది. దాని పాలు దానికి పెట్టు. దాని వాటా దానికి వదిలిపెట్టు, తల్లి నీ వాటా నీకిస్తుంది. నేను పూర్తి తెలుగు వచ్చినదాన్ని, తాగే పాలొక్కటే విన్నాను.

లేచి గంప ఎత్తాను. మేకపిల్ల కాళ్ళు తిమ్మిరెక్కి ఒకసారి పడింది, లేచింది, పరుగెత్తి తల్లి అవతలి పక్క దూరి తలతో పొడిచింది. దొరసాని వంగి దాని తోక దగ్గర వాసన చూసింది. నేను ఇటు కూర్చున్నాను. వెంటనే ముట్టుకోలేదు. పొట్టకు తల ఆనించి ఆగాను. లోపల ఏదో సడలినట్టు తెలిసింది. చన్ను నా వేళ్ళ కిందే నిండింది. బొటనవేలు, చూపుడువేలు, మిగిలినవి ఒకటొకటి. సర్రుమని ముంత అడుగున పడింది. మళ్ళీ. మళ్ళీ. అవతల చప్, చప్. దొరసాని తల దించి, దొప్పలోని ఇప్పపూలు ఒకటొకటే ఏరుకు తింటోంది, కళ్ళు సగం మూసుకుని. వెనకకాలు పట్టుకోవాల్సిన పని లేదు. దారి వైపు ఒక్కసారి కూడా చూడలేదు. నేను దాని మొహం చూస్తూనే పిండాను, ఒక్కసారి చూస్తుందేమోనని. పిండుతూ అడిగాను, బయటికి కాదు, లోపల. ఆయన గుర్తున్నాడా నీకు. నోట్లో పువ్వు పెట్టుకుని నములుతోంది. ముంత సగం నిండింది. నా పిల్ల ఎక్కడికీ పోదు. ఈ పొద్దున నేను కోరుకున్నది ఇదొక్కటే, వచ్చింది, చేతులు ఆడుతున్నాయి, కళ్ళు కారుతున్నాయి, తుడుచుకోవడానికి చెయ్యి ఖాళీ లేదు. ఇంతకాలం ఇద్దరం చూస్తున్నామనుకున్న దారిని ఇంక నేనొక్కదాన్నే చూడాలి.

పాలు గుడ్డలో వడగట్టాను, అంతే నీళ్ళు కలిపి కాచాను, చల్లార్చాను. పిల్లను ఒళ్ళో వేసుకుని ఉగ్గుగిన్నె పెదవికి ఆనిస్తే మొదట ఉమ్మేసింది, నాలుక చప్పరించి చూసుకుంది, తర్వాత గిన్నెను చిగుళ్ళతో పట్టుకుంది. గొంతు కదలడం చూస్తూ కూర్చున్నాను. వాకిట్లో అడుగుల చప్పుడైంది. అత్త బుట్ట దించింది, తడి పూల వాసన లోపలికి వచ్చింది. గుమ్మంలో నిలబడి పిల్లను చూసింది, ముంతను చూసింది.

“ఇచ్చిందా?”

“ఇచ్చింది అత్తా.”

ఆమె భుజాలు దిగాయి. ఎట్లా ఇచ్చిందని అడిగింది. చెప్పాను, గంప సంగతి, అవతలి చన్ను సంగతి, మాసే అవ్వ మాట. ఆమె వింటూ తలూపింది, సాయంత్రం దోసెడు పూలు తీసుకుని మాసే అవ్వ దగ్గరికి పోయి రమ్మంది. మరి మొహం అట్లా ఉందేమని అడిగింది. నేను ఎప్పుడూ ఆమెతో ఆయన సంగతి మాట్లాడను. ఆమె కూడా మాట్లాడదు.

“అది ఆయన కోసం చూస్తలేదు అత్తా,” అన్నాను. “గంపను చూస్తుంది. పిల్లను.”

అత్త గోడకు ఆనుకుని నేల మీద కూర్చుంది. వేళ్ళ మధ్య ఇరుక్కున్న ఇప్పపూల రేకులు ఒకటొకటి తీసి పక్కన పెట్టింది.

“నేను కూడ గట్లనే అనుకున్న బిడ్డా,” అన్నది. “పశువుకు ముందుగాల తెలుస్తదంటరు. మూడు దినాల సంది అది దారి దిక్కే చూస్తుంటె, మా భూషణం ఎక్కడ్నో దగ్గర్లకొచ్చిండు, ఇయ్యాల్నో రేపో అనుకున్న. ఇప్పచెట్టు కింద గూడ చెవులు అటే పెట్టిన.”

మూడు రోజులుగా ఆమె దగ్గర ఉన్న ఆశను ఒక్క మాటతో తీసేశాను. ఆమె నన్ను తిట్టలేదు. జరిగి దగ్గరకు వచ్చింది, మోకాలు నా మోకాలికి తగిలింది, పిల్ల గడ్డం మీద కారిన పాలను కొంగుతో ఒత్తింది.

“దీనికి పేరు పెడదాం ఇంక,” అన్నది.

తండ్రి వచ్చాక పెడదామని ఇరవై ఒకటో రోజున ఆమే ఆపింది. గిన్నె అయిపోయింది, పిల్ల ఇంకా నోరు తెరిచే ఉంది. అత్త ముంత అందుకుని మళ్ళీ పోసింది.